పిల్లల టీమ్ నుంచి నేరుగా మాంట్రియల్ బెంచ్‌కి: సెయింట్ లూయీ కోచ్‌గా ఎందుకు నిలబడ్డాడు?

2022 ఫిబ్రవరిలో మాంట్రియల్ కెనేడియన్స్ తమ కొత్త కోచ్ పేరు ప్రకటించగానే ఐస్ హాకీ లోకంలో చాలామంది ముక్కున వేలేసుకున్నారు. మార్టిన్ సెయింట్ లూయీ గొప్ప ప్లేయర్, హాల్ ఆఫ్ ఫేమ్‌లో ఉన్నవాడు, అందులో ఎవరికీ పేచీ లేదు. కానీ ప్రొఫెషనల్ స్థాయిలో ఒక్క మ్యాచ్‌కి కూడా హెడ్ కోచ్‌గా చేయలేదు. కొలంబస్ టీమ్‌కి కొన్నాళ్లు సలహాదారుగా ఉన్న మాట నిజమే గానీ, 2015లో రిటైరయ్యాక అతని కోచింగ్ దాదాపు అంతా అమెరికాలోని కనెటికట్‌లో, తన కొడుకులు ఆడే పిల్లల టీమ్‌లతోనే గడిచింది. అలాంటివాడి చేతికి 24 స్టాన్లీ కప్‌లు (ఉత్తర అమెరికా ఐస్ హాకీ లీగ్ NHL ఛాంపియన్‌కు ఇచ్చే కప్పు) గెలిచిన టీమ్‌ను అప్పగించారు. అప్పటికి ఆ టీమ్ పరిస్థితి ఏమిటంటే, అంతకు ముందు ఏడాదే ఫైనల్ దాకా వెళ్లి, ఆ సీజన్‌లో మాత్రం 45 మ్యాచ్‌లకు 8 మాత్రమే గెలిచి లీగ్‌లో అట్టడుగున పడి ఉంది.

నా మట్టుకు ఆ నిర్ణయం సరైనదే. అయితే దానికి కారణం అతను గొప్ప ప్లేయర్ కావడం అని చాలామంది రాస్తారు, అది నేను ఒప్పుకోను. అతను చాలాకాలం ఎవరికీ అక్కర్లేని ప్లేయర్‌గా ఉన్నాడు, ఆ తర్వాత పిల్లలకు ఓపిగ్గా ఆట నేర్పాడు. అసలు బలం ఆ రెండిట్లో ఉంది.

అతని ప్రయాణం చూడండి. మాంట్రియల్ పక్కనే ఉన్న లవాల్‌లో 1975లో పుట్టాడు. ఎత్తు ఐదడుగుల ఎనిమిది అంగుళాలు, ఆరడుగుల మనుషులు ఒకరినొకరు గోడకేసి గుద్దుకునే ఆటలో. వెర్మాంట్ యూనివర్సిటీకి నాలుగేళ్లు అద్భుతంగా ఆడినా, ఏటా 200 మందికి పైగా కుర్రాళ్లను ఎంచుకునే డ్రాఫ్ట్‌లో అతని పేరు ఏ టీమూ పిలవలేదు. చివరికి కాల్గరీ ఫ్లేమ్స్ తీసుకుంది, అక్కడ రెండు సీజన్లలో కలిపి 69 మ్యాచ్‌లు ఆడించి, 2000లో కాంట్రాక్ట్‌కు డబ్బు కట్టి మరీ వదిలించుకుంది. అప్పుడతనికి పాతికేళ్లు. టాంపా బే లైట్నింగ్ తక్కువ ఖర్చులో దొరికాడని తీసుకుంది.

నాలుగేళ్లు తిరిగేసరికి 2003-04 సీజన్‌లో 94 పాయింట్లతో (గోల్ కొట్టినా, అసిస్ట్ అంటే గోల్‌కు దారితీసే పాస్ ఇచ్చినా ఒక్కో పాయింట్) లీగ్‌లోనే టాప్ స్కోరర్ అయ్యాడు, అత్యంత విలువైన ప్లేయర్‌గా హార్ట్ ట్రోఫీ కూడా అతనికే వచ్చింది. ఇక ఫైనల్లో ఎదురుపడ్డది ఎవరనుకుంటున్నారు? కాల్గరీయే. ఆరో మ్యాచ్ కాల్గరీలో, ఫ్లేమ్స్ ఇంకొక్కటి గెలిస్తే కప్పు వాళ్లది, స్టేడియమంతా ఎర్ర జెర్సీలు, ఒక ఓవర్‌టైమ్ అయిపోయినా ఫలితం తేలలేదు. రెండో ఓవర్‌టైమ్ మొదలైన 33 సెకన్లకు టిమ్ టేలర్ కొట్టిన షాట్ గోలీకి తగిలి తిరిగొచ్చింది, ఆ పక్‌ను (బంతికి బదులు వాడే రబ్బరు బిళ్ల) సెయింట్ లూయీ నెట్‌లోకి పంపాడు. ఏడో మ్యాచ్ టాంపాలో గెలిచి కప్పు ఎత్తారు. 2013లో, 37 ఏళ్ల వయసులో, మళ్లీ టాప్ స్కోరర్ అయ్యాడు. ఆ ఘనత సాధించినవాళ్లలో అందరికంటే పెద్దవాడు అతనే. మొత్తం 1,134 మ్యాచ్‌ల్లో 1,033 పాయింట్లు.

2014 మే నెలలో న్యూయార్క్ రేంజర్స్‌కి ఆడుతుండగా అతని తల్లి హఠాత్తుగా చనిపోయింది. మర్నాడే పిట్స్‌బర్గ్‌లో మ్యాచ్, టీమ్ సిరీస్‌లో 3-1తో వెనకబడి ఉంది. వచ్చి ఆడాడు. రెండు రోజుల తర్వాత, మదర్స్ డే నాడు, సొంత రింక్‌లో మ్యాచ్ మొదటి గోల్ అతనిదే. ఆ సిరీస్‌ను రేంజర్స్ గెలిచింది. టీమ్‌లోని కుర్రాళ్లు ఇలాంటి మనిషి మాట ఎందుకు వింటారో వేరే చెప్పనక్కర్లేదు. కానీ మాట వినడం ఒకటి, ఆ మాటతో ఆట మెరుగుపడటం ఇంకొకటి.

ఇక్కడే వేన్ గ్రెట్స్కీ గుర్తుకొస్తాడు. ప్లేయర్‌గా 2,857 పాయింట్లు, ఆ దరిదాపుల్లోకి వచ్చినవాడు కూడా లేడు. 2005 నుంచి నాలుగు సీజన్లు ఫీనిక్స్ కొయోటీస్‌కు కోచ్‌గా చేశాడు, ఒక్కసారీ ప్లేఆఫ్స్‌కు చేర్చలేకపోయాడు. టీమ్ బలహీనమైనదే, నిజమే. అయినా నాకనిపించేది, గ్రెట్స్కీకి పక్ ఎక్కడికి వెళ్తుందో చిన్నప్పటి నుంచే కనిపించింది, కనిపించనివాడికి అది ఎలా చూపించాలన్నదే కష్టం. చేపను అడిగి ఈత నేర్చుకోలేం కదా. సెయింట్ లూయీ పరిస్థితి వేరు. ఎక్కడ నిలబడితే పెద్ద డిఫెన్స్‌మన్ అందుకోలేడు, గోడ దగ్గర పక్ తీసుకునే ముందు భుజం మీదుగా ఎటు చూడాలి, ఇవన్నీ తన శరీరం చాలదు కాబట్టి బుర్రతో కూడబెట్టుకున్నాడు. కూడబెట్టుకున్నదాన్ని ఇంకొకరికి పంచొచ్చు. మరో వైపు టాంపాకు 2020, 2021ల్లో కప్పులు తెచ్చిన జాన్ కూపర్ లీగ్‌లో ఎప్పుడూ ఆడనే లేదు, అసలు లాయర్. అంటే ఆడిన రికార్డు చూసి కోచ్‌ను అంచనా వేయడం ఎప్పుడూ పొరపాటే.

ఐస్ హాకీలో కోచ్ పని మనం క్రికెట్‌లో చూసేదానికి చాలా దూరం. ప్లేయర్లు 45 సెకన్ల పాటు ప్రాణం పెట్టి స్కేట్ చేసి బెంచ్‌కి వచ్చేస్తారు, ఆట ఆగకుండానే కొత్తవాళ్లు గోడ దూకి లోపలికి వెళ్తారు. మ్యాచ్ మొత్తానికి కోచ్‌కి ఒక్క టైమ్ అవుటే. ఇంత వేగంలో బోర్డు మీద గీసిన గీతలు ఎంతసేపు నిలుస్తాయి? అందుకే సెయింట్ లూయీ ‘కాన్సెప్ట్స్’ అంటాడు, ఫలానా చోట నిలబడు అని చెప్పడం కంటే, ఎదుటివాడి ఒత్తిడి ఎటు నుంచి వస్తోందో చదువు, ఖాళీ ఎక్కడుందో చూడు అని నేర్పుతాడు. పదేళ్ల పిల్లలకు అర్థమయ్యేలా చెప్పి చెప్పి అలవాటైనవాడికే ఇది సాధ్యమని నేను నమ్ముతాను.

రుజువు కావాలంటే కోల్ కాఫీల్డ్ చాలు. తనూ పొట్టివాడే, అమెరికన్ కాలేజీ హాకీలో టాప్ అవార్డు గెలిచి వచ్చాడు. సెయింట్ లూయీ రాకముందు ఆ సీజన్‌లో 30 మ్యాచ్‌లకు ఒక్కటంటే ఒక్క గోల్. మధ్యలో కింది లీగ్‌లో ఆడే టీమ్‌కి కూడా పంపేశారు. కొత్త కోచ్ వచ్చాక 37 మ్యాచ్‌ల్లో 22 గోల్స్! అదే కుర్రాడు, అదే టీమ్, అదే చలికాలం. డిఫెన్స్‌మన్ లేన్ హట్సన్ సంగతీ అంతే, పొట్టిగా ఉన్నాడని 2022 డ్రాఫ్ట్‌లో 62వ స్థానం దాకా ఎవరూ తీసుకోలేదు, 2024-25లో 60 అసిస్ట్‌లతో లీగ్‌లోని బెస్ట్ కొత్త ప్లేయర్‌గా కాల్డర్ ట్రోఫీ గెలిచాడు. పొట్టివాళ్లను చూసి భయపడని కోచ్ చేతిలో పడటం హట్సన్ అదృష్టం.

అయితే అంతా సాఫీగా సాగలేదు. పూర్తి సీజన్లు చూస్తే మొదటి రెండింట్లో, 68 పాయింట్లతో ఒకసారి, 76తో ఒకసారి, టీమ్ తన డివిజన్‌లో ఆఖరి స్థానమే. డిఫెన్స్ గాలికొదిలేశాడని, కోచింగ్ అనుభవం లేకపోవడం కనిపిస్తోందని విమర్శలు వచ్చాయి, వాటిలో కొంత న్యాయం ఉంది కూడా. మాంట్రియల్‌లో దీనికి తోడు ఇంకో టెన్షన్, అది ఫ్రెంచ్ మాట్లాడే ఊరు, అక్కడ కోచ్ ఫ్రెంచ్‌లో మాట్లాడి తీరాలి. 2011లో ఫ్రెంచ్ రాని రాండీ కన్నీవర్త్‌ను తాత్కాలికంగా పెడితేనే జనం నిరసనకు దిగారు. లవాల్ కుర్రాడు కావడం వల్ల సెయింట్ లూయీకి ఆ గొడవ లేదు, ఓడిన ప్రతి రాత్రీ రెండు భాషల్లో జవాబు చెప్పుకోవడం మాత్రం తప్పలేదు. 2024-25లో 91 పాయింట్లతో, ఆఖరి మ్యాచ్ రోజున కరోలినాను ఓడించి ప్లేఆఫ్స్‌లో అడుగుపెట్టారు. వాషింగ్టన్ చేతిలో ఐదు మ్యాచ్‌ల్లోనే ఇంటికెళ్లారు గానీ, ఉత్తమ కోచ్ అవార్డు తుది ముగ్గురిలో అతని పేరు ఉంది.

మామూలుగా టీమ్‌లు నమ్మే దారి రాడ్ బ్రిండమోర్‌ది. కరోలినా కెప్టెన్‌గా 2006లో కప్పు గెలిచి, అదే టీమ్‌లో ఏళ్ల తరబడి అసిస్టెంట్‌గా పనిచేసి 2018లో హెడ్ కోచ్ అయ్యాడు. అది మంచి దారే. నా అభ్యంతరమల్లా అదొక్కటే అనుభవం అనుకోవడం మీద. ఒకచోట తీసేసిన కోచ్‌ను ఇంకోచోట తెచ్చుకునే లీగ్ ఇది, అదే పేర్లు తిరుగుతూ ఉంటాయి. ఆడలేకపోతున్నవాణ్ని ఆడేలా చేసిన మనిషి పిల్లల రింక్‌లో ఉన్నా సరే, వెళ్లి వెతకాలి. అలా తెచ్చుకున్నాక మాంట్రియల్ మేనేజ్‌మెంట్ చూపించిన ఓపిక కూడా కావాలి, జెఫ్ గోర్టన్, కెంట్ హ్యూస్ ఇద్దరూ వరసగా రెండేళ్లు ఆఖరి స్థానాన్ని భరించి అతన్ని అక్కడే ఉంచారు. పది మ్యాచ్‌లు ఓడగానే కోచ్‌ను మార్చే టీమ్ ఇలాంటివాణ్ని తెచ్చుకున్నా ఏమీ ఒరగదు.