ఆ పన్నెండు మంది పేరు ఎత్తరేం?

జర్మనీలో, తురింగియా రాష్ట్రంలోని యెనాలో ఉంటాను. ఇక్కడే పన్ను కడతాను, పాప ఇక్కడే బడికి వెళ్తోంది. ఓటు మాత్రం లేదు. ఓటు లేనివాడికి తురింగియా రాజకీయాలెందుకు అంటారేమో. టీచర్లు చాలక క్లాసు రద్దయిన రోజు మా పాప కూడా పదకొండింటికే ఇంటికొచ్చేస్తోంది. అందుకే అడుగుతున్నాను: ప్రభుత్వానికి ఆసరాగా ఉన్న వామపక్ష పార్టీ లింకె సభ్యులు పన్నెండు మంది పేరు పాలకులు ఎందుకు ఎత్తరు?

2024 సెప్టెంబరు 1న ఇక్కడ ఎన్నికలు జరిగాయి. సభలో సీట్లు 88. కరడుగట్టిన రైట్‌వింగ్ పార్టీ ఏఎఫ్‌డీకి 32, సంప్రదాయవాద సీడీయూకి 23, లింకె నుంచి చీలి వచ్చిన బీఎస్‌డబ్ల్యూకి 15, లింకెకి 12, సోషల్ డెమోక్రాట్ల ఎస్‌పీడీకి 6. జర్మనీలో ఒక రాష్ట్ర ఎన్నికల్లో ఏఎఫ్‌డీ మొదటి స్థానంలో నిలవడం అదే తొలిసారి. ఆ పార్టీ తురింగియా శాఖను ఇక్కడి నిఘా విభాగం 2021లోనే రైట్‌వింగ్ అతివాద సంస్థగా తేల్చేసింది. దానితో ఎవరూ కలవకూడదన్నది నా మాట కూడా. ఇందులో నాకు రెండో ఆలోచన లేదు.

మిగిలినవాళ్లలో సీడీయూ, బీఎస్‌డబ్ల్యూ, ఎస్‌పీడీ కలిశాయి. నలుపు, ఊదా, ఎరుపు రంగులు కాబట్టి దీనికి బ్లాక్‌బెర్రీ కూటమి అని పేరొచ్చింది. మూడూ కలిస్తే 44. సరిగ్గా సగం. ఒక్క సీటు తక్కువ. ఆ వారం ఫోన్లో మా బావమరిది అడిగాడు, "ఒక్కడే కదా బావా, ఎవర్నో ఒకర్ని లాక్కోలేకపోయారా?" లాక్కోలేదురా, మూడు నెలలు కూర్చుని మాట్లాడుకున్నారు అన్నాను. ఆ విషయంలో ఇక్కడివాళ్లంటే నాకు గౌరవం.

డిసెంబరు 12న సీడీయూ నాయకుడు మారియో ఫోక్ట్ సభ ఓటుతో ముఖ్యమంత్రిగా ఎన్నికయ్యారు. మొదటి రౌండులోనే 51 ఓట్లు. కూటమి బలం 44 కదా, కనీసం ఏడు ఓట్లు బయటినుంచి వచ్చాయన్నమాట. రహస్య ఓటింగే, ఒప్పుకుంటాను. కానీ బిల్లులు సభకు రాకముందే తమతో మాట్లాడాలని షరతు పెట్టి, అంతకుముందే లింకె కూటమితో ఒక అవగాహనకు వచ్చింది. ఇంతకన్నా విప్పి చెప్పేదేముంది?

అయినా సీడీయూ నోటివెంట ఆ పార్టీ పేరు రాదు. ఎందుకంటే 2018లో వాళ్ల జాతీయ మహాసభలో ఒక తీర్మానం చేసుకున్నారు: ఏఎఫ్‌డీతోనూ పొత్తు ఉండదు, లింకెతోనూ ఉండదు అని. రెండింటినీ ఒకే గాటన కట్టేశారు. నా బాధంతా ఇక్కడే.

బోడో రామెలో దాదాపు పదేళ్లు ఈ రాష్ట్రానికి ముఖ్యమంత్రిగా చేశారు. లింకె మనిషి. కార్మిక సంఘం నుంచి వచ్చినాయన, చర్చికి వెళ్లే క్రైస్తవుడు. ఆయన పాలన నచ్చనివాళ్లు ఉండొచ్చు, తప్పులేదు. కానీ ఆయన వల్ల ఈ రాష్ట్రంలో ప్రజాస్వామ్యానికి ముప్పొచ్చిందని ఎవరైనా చెప్పగలరా? ఆయన్నీ, ఏఎఫ్‌డీ నాయకుడు బ్యోర్న్ హోకెనీ ఒకే తక్కెడలో ఎలా పెడతారు?

ఇంకా విడ్డూరం కాట్యా వోల్ఫ్ సంగతి. ఐజనాఖ్ నగరానికి పన్నెండేళ్లు మేయర్‌గా చేసిన ఆమె లింకె పార్టీ మనిషే. 2024లో బీఎస్‌డబ్ల్యూలోకి వచ్చారు. ఆ పార్టీ పెట్టిన జారా వాగెన్‌క్నెష్ట్ కూడా అంతకుముందు ఏడాది దాకా లింకెలోనే ఉన్నారు. ఇప్పుడు కాట్యా వోల్ఫ్ ఈ ప్రభుత్వంలో ఆర్థిక మంత్రి. సమర్థురాలే, ఆమె మీద నాకు ఫిర్యాదు లేదు. నిన్న లింకెలో ఉంటే అంటరాని మనిషి, ఇవాళ కండువా మారిస్తే ఖజానా తాళాలు చేతికిస్తారా? మారింది పార్టీ పేరే కదా, మనిషి కాదు కదా!

2020 ఫిబ్రవరి 5 నేను మరచిపోలేను. ఆఫీసు క్యాంటీన్లో ప్లేటు ముందు పెట్టుకుని ఫోన్లో చూస్తున్నాం. సభలో ముఖ్యమంత్రి ఎన్నిక, మూడో రౌండులో 45కి 44. ఐదుగురే సభ్యులున్న చిన్న పార్టీ ఎఫ్‌డీపీ నుంచి థామస్ కెమ్మెరిష్ ముఖ్యమంత్రి అయిపోయారు, ఏఎఫ్‌డీ ఓట్లతో. సీడీయూ ఓట్లూ ఆయనకే పడ్డాయి. అభినందించడానికని లింకె నాయకురాలు పూలగుత్తి పట్టుకుని వెళ్లి, చేతికివ్వకుండా ఆయన కాళ్ల దగ్గర పడేసింది. నా పక్కనున్న సహోద్యోగి, ఎర్‌ఫుర్ట్‌లో పుట్టిపెరిగిన మనిషి, ఫోను బోర్లా పెట్టేసి తినకుండానే లేచి వెళ్లిపోయాడు. మూడు రోజులకే కెమ్మెరిష్ రాజీనామా చేశారు. మార్చిలో రామెలో మళ్లీ వచ్చారు. మెజారిటీ లేని ఆ ప్రభుత్వం నడిచింది కూడా సీడీయూతో కుదిరిన ఒప్పందం మీదే.

అంటే అవసరం పడ్డప్పుడు సీడీయూవాళ్లు లింకెతో మాట్లాడారు. 2023లో ఆస్తి కొనుగోలు పన్ను 6.5 నుంచి 5 శాతానికి తగ్గించే బిల్లు పెట్టి, ఏఎఫ్‌డీ ఓట్లతో నెగ్గించుకున్నారు కూడా. మేం వాళ్లతో చర్చలు జరపలేదు అన్నారు. ఏఎఫ్‌డీ ఓటు తీసుకోవడానికి అడ్డురాని తీర్మానం, లింకెతో బాహాటంగా సంతకం పెట్టడానికి మాత్రం అడ్డొస్తుందా?

రాజ్యాంగ న్యాయస్థానం జడ్జిలను ఎన్నుకోవాలంటే మూడింట రెండొంతులు కావాలి, అంటే 59 ఓట్లు. ఏఎఫ్‌డీ తప్ప అందరూ కలిసినా 56. ఇంత ఇరుకులో ఉన్నప్పుడు, తోడున్న 12 మందిని పెరటి గుమ్మం నుంచి పిలవడం ఏం మర్యాద?

వచ్చే బడ్జెట్ రోజున ఫోక్ట్ గారు మైకు ముందు నిలబడి, "లింకె సభ్యులారా, మీరు ఉన్నందుకే ఇది నెగ్గింది" అని ఒక్క మాట అంటే చాలు. ఆ రోజు పనికి సెలవు పెట్టి మరీ చూస్తాను.