గ్యారేజీలో ఇంకెవరున్నారు?

2014లో న్యూయార్క్‌లో జరిగిన వేలంలో ఆపిల్ కంపెనీ తొలి కంప్యూటరైన ఆపిల్-1 సర్క్యూట్ బోర్డు ఒకదాన్ని హెన్రీ ఫోర్డ్ మ్యూజియం 9,05,000 డాలర్లు పెట్టి కొనుక్కుంది. 1976లో అలాంటి బోర్డులు తయారైనవి దాదాపు 200. వాటిలో కొన్నింటికి చిప్పులు గుచ్చి పెట్టింది స్టీవ్ జాబ్స్ చెల్లెలు పాటీ. కూలి బోర్డుకు 1 డాలరు. వేలం ధర వెంటనే దొరుకుతుంది. ఆమె సంగతి మాత్రం పనిగట్టుకుని వెతకాలి.

పర్సనల్ కంప్యూటర్ తొలిరోజుల నుంచి మనం దాచుకుంటున్నవి ఎక్కువగా యంత్రాలే. నిజానికి యంత్రాల గురించి అంత బెంగ అక్కర్లేదు. అసలు పెట్టె పాడైపోయినా ఆనాటి ప్రోగ్రాములు ఎమ్యులేటర్‌లో, అంటే పాత యంత్రంలా ప్రవర్తించే ప్రోగ్రాములో, నడుస్తాయి. ఆ యంత్రాన్ని ఎవరు, ఎందుకు చేశారు, ఎవరితో తగాదా పడ్డారు అన్నది ఏ ఎమ్యులేటరూ చెప్పదు. ఆనాటివాళ్లు ఉండగానే వాళ్లను అడిగి రికార్డు చేసుకోవాలి.

గ్యారీ కిల్డాల్ విషయమే చూడండి. సీపీ/ఎం ఆపరేటింగ్ సిస్టమ్ రాసిన మనిషి. 1980లో తమ కొత్త పీసీకి ఆపరేటింగ్ సిస్టమ్ కోసం ఐబీఎం వాళ్లు ఆయన కంపెనీకి వచ్చారు. ఆ రోజు ఆయన సరదాగా విమానం నడుపుకుంటూ వెళ్లిపోయాడని, అందుకే ఆ అవకాశం దక్కి బిల్ గేట్స్‌కు అదృష్టం పట్టిందని కథ. ఎన్నిసార్లు విన్నామో! ఆయన విమానంలో వెళ్లిన మాట నిజమే, కానీ వెళ్లింది వ్యాపారం పని మీద. మధ్యాహ్నానికల్లా తిరిగొచ్చి చర్చల్లో కూర్చున్నానని ఆయన అంటాడు. ఆయన్ను చూసిన గుర్తు లేదని ఐబీఎం వైపు మనిషి అంటాడు. ఉదయం ఐబీఎం వాళ్లతో మాట్లాడింది కంపెనీ వ్యాపార వ్యవహారాలు చూసే కిల్డాల్ భార్య డొరొతీ. చర్చల సంగతి బయటపెట్టకూడదంటూ వాళ్లు ముందుపెట్టిన ఒప్పందం మీద ఆమె సంతకం చేయలేదు. ప్రచారంలో ఉన్న కథలో ఆమె పేరు చాలాసార్లు వినబడదు. కిల్డాల్ 1994లో చనిపోయాడు. ఆయన రాసి పెట్టుకున్న జ్ఞాపకాల్లో కొంత భాగం కుటుంబం అనుమతితో 2016లో గానీ బయటికి రాలేదు. అప్పటికి ఒక తరం మొత్తం ఆ విమానం కథనే చరిత్ర అనుకుంటూ పెద్దదైంది.

ఇంకొకాయన ఫ్రెడ్ మూర్. 1975 మార్చి 5న మెన్లో పార్క్‌లో, గోర్డన్ ఫ్రెంచ్ ఇంటి గ్యారేజీలో సరదాకి కంప్యూటర్లు తయారుచేసుకునేవాళ్ల హోమ్‌బ్రూ కంప్యూటర్ క్లబ్ మొదటిసారి సమావేశమైంది. దాన్ని మొదలుపెట్టిన ఇద్దరిలో మూర్ ఒకడు. 1959లో బర్కిలీలో చదువుతూ, విద్యార్థులకు నిర్బంధ సైనిక శిక్షణ వద్దని యూనివర్సిటీ మెట్ల మీద నిరాహార దీక్షకు కూర్చున్న మనిషి ఈయనే. తెలిసింది నలుగురితో పంచుకోవాలన్నది ఆయన పట్టుదల. ఆ గ్యారేజీకి వచ్చినవాళ్లలో తర్వాత ఆపిల్-1 రూపొందించిన స్టీవ్ వోజ్నియాక్ కూడా ఉన్నాడు. మనకు మిగిలింది మాత్రం కోట్లు సంపాదించినవాళ్ల కథలే. డబ్బు ఆశించని మూర్ లాంటివాళ్లను పక్కన పెడితే ఆ గ్యారేజీ మొదటినుంచీ స్టార్టప్ ఆఫీసే అన్నట్టు కనబడుతుంది. నన్నడిగితే అది అబద్ధంతో సమానం.

తొలి పర్సనల్ కంప్యూటర్లలో ఒకటైన ఆల్టెయిర్ చేసిన ఎడ్ రాబర్ట్స్ తర్వాత మెడిసిన్ చదివి జార్జియాలో ఒక చిన్న ఊళ్లో డాక్టరయ్యాడు. 1976లో లోర్ హార్ప్, కరోల్ ఈలీ అనే ఇద్దరు గృహిణులు వెక్టర్ గ్రాఫిక్ అనే కంప్యూటర్ కంపెనీ పెట్టి, 1981లో స్టాక్ మార్కెట్ దాకా తీసుకెళ్లారు. మనలో ఇన్ని వేలమంది ఐటీలో ఉన్నాం కదా, ఈ పేర్లు విన్నవాళ్లు ఎంతమంది?

పెద్దవయసు జ్ఞాపకాలను నమ్మలేం అంటారు కొందరు. నిజమే, ఒక్కరినే అడిగితే నమ్మలేం. ఇద్దరిని అడగాలి. ఇద్దరూ వేర్వేరుగా చెబితే రెండూ ఉంచాలి. ఎడిటింగ్‌లో ఒకటి తీసేసి కథను నున్నగా చేయకూడదు.

1975లో పాతికేళ్లున్నవాళ్లకు ఇప్పుడు డెబ్బై అయిదు దాటాయి. మనలో చాలామంది వాళ్ల దగ్గరే పని నేర్చుకున్నాం. మన తెలుగు సంఘాలకు కెమెరాలున్నాయి, వాలంటీర్లున్నారు. పండగ కార్యక్రమానికి పెట్టే శ్రద్ధలో కాస్త వాళ్ల మాటలు రికార్డు చేయడానికీ పెట్టవచ్చు. వెళ్లినవాళ్లు జాబ్స్ ఎలాంటివాడని అడగొద్దు, దానికి అరిగిపోయిన జవాబే వస్తుంది. ఆ నెల ఇంటి అద్దె ఎవరు కట్టారు, టెస్టింగ్ ఎవరు చేశారు, ఎవరు విసుగొచ్చి మానేశారు, ఇంట్లోవాళ్లు ఏమన్నారు అని అడగాలి. అనుమతి కాగితం మీద తీసుకోవాలి.

చాలా ఇళ్లలో పాత నోటుబుక్కులు, బిల్లులు, ఫ్లాపీలు ఇల్లు అమ్మేటప్పుడు చెత్తలోకి పోతాయి. ఫ్లాపీ మీది అయస్కాంత పూత ఏళ్లు గడిచేకొద్దీ పాడవుతుంది కాబట్టి ముందు వాటికి కాపీ తీయించాలి. మౌంటెన్ వ్యూలోని కంప్యూటర్ హిస్టరీ మ్యూజియం, మిన్నెసోటా యూనివర్సిటీలోని చార్లెస్ బ్యాబేజ్ ఇన్‌స్టిట్యూట్ ఇలాంటి కాగితాలను, ఇంటర్వ్యూలను భద్రపరుస్తున్నాయి. ఇచ్చినవన్నీ తీసుకోరు, కాబట్టి ముందే జాబితా రాసి పంపి అడగడం మంచిది. అందులో ఎవరి చేతిరాత ఏదో కూడా రాయండి, లేదంటే తర్వాత చూసేవాళ్లకు అంతుపట్టదు.