హంతకుడి పశ్చాత్తాపానికి వీఆర్వో గారి సంతకం

అమరావతి నేలపాడులో కొలువైన హైకోర్టు హత్యకేసుల అప్పీళ్లలో ఇచ్చే తీర్పులను, ఇంట్లోవాళ్లు సీరియల్ చూసేంత శ్రద్ధతో చదవడం నాకు కొన్నేళ్లుగా అలవాటు. ఆ పఠనం వల్ల నాకు అర్థమైనదేమిటంటే, మన హంతకులకు రెవెన్యూ శాఖ మీద అపారమైన విశ్వాసం ఉంది. రాత్రివేళ మనిషిని నరికి, రెండు రోజులు పత్తిచేలల్లో దాక్కున్నవాడు మూడో రోజు తెల్లవారేసరికి తల్లి దగ్గరకు పోడు, వకీలు గడప తొక్కడు, ఇంద్రకీలాద్రి ఎక్కి అమ్మవారికైనా చెప్పుకోడు; ముఖపరిచయం కూడా లేని వీఆర్వో గారి ఇంటికి నేరుగా నడిచి వెళ్లి, తేదీ, సమయం, కత్తి పొడవుతో సహా జరిగినదంతా నివేదించుకుంటాడు. ఆయన దాన్ని కాగితం మీద పెట్టి, మధ్యవర్తుల (అంటే పంచనామా సాక్షుల) సంతకాలు తీసుకుని, ముద్దాయిని స్టేషనులో అప్పగించి వస్తారు.

ఇంతటి ఆధ్యాత్మిక పరివర్తనకు కారణం చట్టంలోనే ఉంది. పోలీసు అధికారి ముందు చేసిన ఒప్పుకోలును ముద్దాయి మీద రుజువు చేయరాదని 1872 నాటి సాక్ష్య చట్టం 25వ సెక్షను చెప్పింది. 2024 జూలై 1న దాని స్థానంలోకి వచ్చిన భారతీయ సాక్ష్య అధినియమం కూడా 23వ సెక్షనులో ఆ మాటే నిలబెట్టింది. లాఠీ ఎదుట నాలుక ఏమైనా పలుకుతుందన్న సంగతి తెల్లదొరలకే తెలిసిందన్నమాట. వీఆర్వో గారు పోలీసు కారు కనుక ఆ అడ్డంకి ఆయనకు లేదు. అయినా కోర్టులు ఈ పశ్చాత్తాపాన్ని బలహీనమైన సాక్ష్యం అంటున్నాయి. ముక్కూమొహం తెలియనివాడి చేతిలో ముద్దాయి తన ప్రాణం ఎందుకు పెడతాడని అడుగుతున్నాయి. 2020లో తెలంగాణ వీఆర్వో పదవిని రద్దు చేసినప్పుడు అక్కడి హంతకులు ఎంత దిక్కులేనివారయ్యారో అడిగినవారు మాత్రం లేరు.

ఈ రంగంలో గుంటూరుకు ఉన్న కీర్తిని మనం మిరపకాయ కీర్తి స్థాయిలో చాటుకోకపోవడం విచారకరం. గుంటూరు సెషన్స్ కోర్టులో మొదలై, మద్రాసు హైకోర్టు మీదుగా అప్పటి చివరి అప్పీలు కోర్టైన లండన్ ప్రీవీ కౌన్సిల్ దాకా వెళ్లి, 1947 లా రిపోర్టులకెక్కిన పులుకూరి కోటయ్య కేసును దేశంలో లా చదివే ప్రతివాడూ బట్టీ పడతాడు. ఈటెను, కర్రను గడ్డివామిలో దాచాను, వస్తే చూపిస్తానని ముద్దాయి పోలీసులకు చెప్పిన మాట ఎంతవరకు చెల్లుతుందన్నది అక్కడి ప్రశ్న. వస్తువు దొరికితే, దాన్ని దాచిన చోటు ముద్దాయికి తెలుసన్నంత వరకే చెల్లుతుందనీ, దానితో పొడిచానన్న తోక చెల్లదనీ ప్రీవీ కౌన్సిల్ తేల్చింది. అప్పటి నుంచి మన హంతకులు ఆయుధాలను దాచడంలో మంచి క్రమశిక్షణ పాటిస్తున్నారు. విజయవాడ నడిబొడ్డున బందరు, ఏలూరు, రైవస్ కాలువలు మూడూ పారుతున్నా, కత్తిని వాటిలో విసిరేయాలన్న ఇంగితం వారికి కలగదు. రక్తపు మరక చెరగకుండా తుమ్మచెట్టు కింద భద్రపరిచి, మధ్యవర్తుల రాక కోసం ఎదురుచూస్తారు.

సాక్షుల పరిస్థితి ఇంత సుఖంగా లేదు. పూర్తిగా నమ్మదగినవారు, పూర్తిగా నమ్మరానివారు, ఈ రెండూ కానివారు అని సుప్రీంకోర్టు 1957లో వడివేలు తేవర్ కేసులో సాక్షులను మూడు రకాలుగా విడదీసింది. నా పఠనానుభవంలో మొదటి రెండు రకాలవారు పెద్దగా తగల్లేదు. చనిపోయినవాడికి బంధువైతే స్వార్థపరుడంటారు. కాకపోతే ఆ వేళప్పుడు అక్కడ నీకేం పని అంటారు. దగ్గరి బంధువు అసలు దోషిని వదిలేసి ఇంకొకణ్ణి ఇరికించడం మామూలుగా జరగదని 1953లోనే దలీప్ సింగ్ కేసులో చెప్పినా, బంధువును అనుమానించే ముచ్చట డిఫెన్సు వకీళ్లకు ఇప్పటికీ తీరలేదు. ఏళ్లు గడిచాక బోనెక్కినవాడు వీధిదీపం ఎన్ని గజాల దూరంలో ఉందో మరిచిపోతే వైరుధ్యం, గుర్తుంచుకుంటే చిలక పలుకు. పాపం, ఆ సాక్షి చివరికి ‘నేను అబద్ధపు సాక్ష్యం చెబుతున్నాననడం నిజం కాదు’ అని గండం గట్టెక్కి, ఊళ్లో ముద్దాయి తాలూకు మనుషుల మధ్యకే బస్సెక్కుతాడు. ఒక అబద్ధం దొరికినంత మాత్రాన సాక్ష్యమంతా పారేయనక్కర్లేదని మన న్యాయసూత్రం. కాబట్టి అప్పీలు కోర్టు తాలు వేరు, గింజ వేరు చేస్తూ తూర్పారబడుతుంది. బస్తా నిండా తాలే వచ్చినప్పుడు ఆ చాట పట్టిన చేతుల కష్టం చూడాలి.

ఒక్కచోట మాత్రం నాకు నవ్వు రాలేదు. విజయవాడ పక్కన ఇబ్రహీంపట్నంలో 2007 డిసెంబరులో ఒక విద్యార్థిని హత్యకు గురైంది. నేరం ఒప్పుకున్నాడంటూ పోలీసులు 2008లో చూపించిన యువకుడికి 2010లో శిక్ష పడింది. 2017లో అప్పటి ఉమ్మడి హైకోర్టు అతణ్ణి నిర్దోషిగా విడుదల చేసి, లక్ష రూపాయల పరిహారం ఇమ్మంది. అన్నేళ్ల యౌవనానికి లక్ష. ఆ ఆడపిల్ల తల్లిదండ్రులకు ఆ లెక్కలో ఏమీ రాలేదు.

మొన్న పాసుపుస్తకంలో తప్పు దిద్దించుకోవడానికి మూడోసారి సచివాలయానికి వెళ్లాను. వీఆర్వో గారు లేరు. పంచనామాకు వెళ్లారనీ, ఎప్పుడొస్తారో తెలియదనీ చెప్పారు. ఆయన దర్శనానికి నేనేం చేసి రావాలో అని మెట్ల మీద నాలో నేను గొణుక్కోబోయాను. ఒంటరిగా గొణుక్కున్న మాట ఇంకొకరి చెవిన పడితే అదీ ఒప్పుకోలు కిందికే వస్తుందని సుప్రీంకోర్టు 1965లో సాహూ కేసులో అన్నది చప్పున గుర్తొచ్చి, అటూ ఇటూ చూసి నోరు మూసుకున్నాను.