మూడుసార్లు జెండా దించిన కెప్టెన్

విలియం బైన్‌బ్రిడ్జ్ అనగానే అమెరికా నౌకాదళ చరిత్ర తెలిసినవాళ్లకు ‘జావా’ గుర్తొస్తుంది. 1812 డిసెంబరు 29న బ్రెజిల్ తీరంలో ఆయన ఓడించిన బ్రిటిష్ ఫ్రిగేట్ (వేగంగా పోయే తెరచాప యుద్ధనౌక) అది. దానికి ముందు పద్నాలుగేళ్లలో ఆయన మూడుసార్లు జెండా దించాడు, అంటే ఎదుటివాడికి తలవంచాడు. నాకు ఆసక్తి ఆ ముందు కథ మీదే.

మొదటిది 1798 నవంబరులో, కరీబియన్ సముద్రంలోని గ్వాడలూప్ దీవి దగ్గర. అప్పట్లో అమెరికాకు శత్రువులైన ఫ్రెంచివాళ్ల ఫ్రిగేట్లు రెంటిని బ్రిటిష్‌వాళ్లవనుకుని దగ్గరికి పోయాడు. తన చేతిలో ఉన్నదేమో ‘రిటాలియేషన్’ అనే 14 ఫిరంగుల స్కూనర్, చిన్న తెరచాప ఓడ. అమెరికా నౌకాదళం శత్రువుకు అప్పగించిన తొలి ఓడ అదే. ఫ్రెంచివాళ్లు మరో రెండు అమెరికా ఓడల వెంట పడుతుంటే, వాటికి లేని ఫిరంగులు ఉన్నాయని బందీగా ఉంటూనే కోతలు కోశాడు. వాళ్లు నమ్మి వెనక్కి తగ్గారు.

రెండోది 1800లో. ఉత్తర ఆఫ్రికాలోని ఆల్జియర్స్‌కు అమెరికా ఏటా ఇచ్చే కప్పం మోసుకుని ‘జార్జ్ వాషింగ్టన్’ ఓడలో వెళ్లాడు. అక్కడి పాలకుడు దేయ్, తన రాయబారిని, కానుకలను ఇస్తాంబుల్ చేర్చమన్నాడు, అదీ ఆల్జియర్స్ జెండా ఎగరేసుకుని. ఓడ కోట ఫిరంగుల కింద ఉంది, కాదనే వీల్లేదు. సింహాలు, నిప్పుకోళ్లు, గొర్రెలు, బానిసలు ఎక్కారు. నమాజు వేళకు మక్కా ఏ దిక్కునుందో చూడటానికి దిక్సూచి దగ్గర ఒక మనిషిని కూర్చోబెట్టారట. గాలికి ఓడ మలుపు తిరిగినప్పుడల్లా ప్రార్థించేవాళ్లూ తిరగాల్సిందే. ఈసారి కప్పం కట్టాల్సి వస్తే ఫిరంగి నోటితో కడతానని ఆయన కసిగా రాసుకున్నాడు.

మూడోదే గట్టి దెబ్బ. 1803 అక్టోబరు 31న అమెరికాతో యుద్ధంలో ఉన్న ట్రిపోలీ (ఇదీ ఉత్తర ఆఫ్రికాలోదే) దగ్గర ఒక ఓడను తరుముతూ 36 ఫిరంగుల ‘ఫిలడెల్ఫియా’ను రాతిదిబ్బ మీద ఎక్కించాడు. ఫిరంగులు సముద్రంలోకి తోశారు, ముందు తెరచాప స్తంభం నరికేశారు. ఓడ కదల్లేదు. ఒక పక్కకు ఒరిగిపోయిన ఓడలోంచి గురిచూసి కాల్చలేరు. 307 మంది బందీలయ్యారు. విచిత్రం, రెండు రోజుల్లోనే సముద్రం పొంగి ఓడ తేలింది, ట్రిపోలీవాళ్లు దర్జాగా రేవులోకి లాక్కుపోయారు.

లొంగిపోవడాన్ని నేను తప్పు పట్టను. మూడొందల ప్రాణాలు చేతిలో ఉన్నవాడు వేరేలా లెక్క వేయలేడు. అసలు పొరపాటు అంతకుముందే జరిగింది. లోతు తెలియని నీళ్లలో తరమడం ఒకటి, ఆపదలో తాడు వేసి లాగడానికి పనికొచ్చే చిన్న ఓడ ‘విక్సెన్’ను ముందే వేరే గస్తీకి పంపేయడం ఇంకొకటి. చెరలో ఉండగా ఆయన నిమ్మరసంతో కనపడకుండా ఉత్తరాలు రాసి, డెన్మార్క్ కాన్సుల్ నిస్సెన్ ద్వారా బయటికి పంపాడు. పోయిన ఓడను తగలబెట్టమని వాటిలో సలహా ఇచ్చాడు. 1804 ఫిబ్రవరి 16 రాత్రి అమెరికా నౌకాదళ అధికారి స్టీఫెన్ డెకేటర్ ఆ పని చేసి దేశానికి హీరో అయ్యాడు. బైన్‌బ్రిడ్జ్ మాత్రం మంటల వెలుగు చెరలోంచి చూసి ఊరుకోవాల్సి వచ్చింది. 1805లో అమెరికా 60,000 డాలర్లు కట్టాక ఖైదీలు బయటపడ్డారు.

విచారణలో ఆయన తప్పేమీ లేదని తేలింది. శక్తిమేరకు పోరాడలేదని తన సొంత అడ్మిరల్ బింగ్‌ను 1757లో కాల్చి చంపింది బ్రిటన్. చేతినిండా కెప్టెన్లు లేని కొత్త నౌకాదళానికి ఆ దుబారా కుదరదు. దాని ఫలితం 1812లో దక్కింది. బలమైన బ్రిటిష్ నౌకాదళానికి భయపడి ఫ్రిగేట్లను రేవుల్లోనే కట్టేద్దామని వాషింగ్టన్‌లో ఆలోచిస్తుంటే, కాదు, సముద్రంలోకి వదలండని బైన్‌బ్రిడ్జ్, మరో కెప్టెన్ చార్లెస్ స్టువర్ట్ పట్టుబట్టారు. జావా మీద గెలుపు కంటే ఇదే ఆయన పెద్ద పని అని నా లెక్క. ఎందుకంటే ఆయన ఎక్కిన ‘కాన్‌స్టిట్యూషన్’ 44 ఫిరంగుల తరగతిది, జావా 38 తరగతిది. అయినా తేలిగ్గా గెలవలేదు. చుక్కాని చక్రం ఎగిరిపోయింది, తనకు రెండు గాయాలు తగిలాయి. కింది అంతస్తులోని మనుషులకు కేకలతో ఆజ్ఞలు అందిస్తూ ఓడను తిప్పాడు. తర్వాత జావా చక్రాన్నే ఊడదీసి తన ఓడకు బిగించుకుని, జావాను తగలబెట్టాడు.

ఆ జావా మన దేశానికే వస్తోంది. బొంబాయి వెళ్తున్న లెఫ్టినెంట్ జనరల్ థామస్ హిస్లాప్ అందులో ఉన్నాడు. కొన్నేళ్లకు ఆయనే మద్రాసు సైన్యాధిపతిగా 1817లో మహీద్‌పూర్ దగ్గర మరాఠా పాలకులైన హోల్కర్లను ఓడించాడు.

ఓడలు పోగొట్టుకున్నవాణ్ని నౌకాదళం క్షమించింది. ఆయన మాత్రం అంత తేలిగ్గా మరిచిపోయే మనిషిలా కనపడడు. 1815లో ఆల్జియర్స్ లెక్క తేల్చడానికి పెద్ద దళంతో బయల్దేరితే, ముందే చేరుకున్న డెకేటర్ ఒప్పందం ముగించేశాడు. ఫిరంగి నోటితో కప్పం కట్టే అవకాశం అలా చేజారింది. ఇద్దరికీ మాటలు కరువయ్యాయి. 1820 మార్చి 22న బ్లేడెన్స్‌బర్గ్‌లో డెకేటర్, జేమ్స్ బారన్ అనే మరో నౌకాదళ అధికారి ద్వంద్వయుద్ధానికి దిగినప్పుడు డెకేటర్ పక్షాన సాక్షిగా నిలబడింది బైన్‌బ్రిడ్జే. బారన్‌కు చూపు ఆనదు కాబట్టి దూరం ఎనిమిది అంగలంతే పెట్టారు. డెకేటర్ ఆ రాత్రే చనిపోయాడు.