స్థలాభావం వల్ల

మా స్పోర్ట్స్ డెస్క్‌లో ఒక సీనియర్ విలేఖరి రిటైరయ్యారు. పాతికేళ్లకు పైగా మహిళల ఆటల కోసం మాతో పోట్లాడిన మనిషి. ఆవిడకు మేం అన్యాయం చేశామని ఆఫీసులో కుర్రాళ్లు గుసగుసలాడుతున్నారు. ఇన్నేళ్లూ ఆవిడ కాపీ దిద్దింది నేనే కాబట్టి ఉన్నమాట చెప్పాల్సిన బాధ్యత నాదే. మేం ఆవిడకు ఇవ్వనిదంటూ ఏదీ లేదు, స్థలం తప్ప.

స్థలం అంటే ఏమిటో బయటివాళ్లకు తెలియదు. ఒక రాత్రి సంగతి చెబుతాను. ఏదో ఫైనల్ గురించి ఆవిడ డబుల్ కాలమ్ ఐటెం ఇచ్చారు. పదిన్నరకు సబ్బు యాడ్ ఒకటి వచ్చిపడింది. డబుల్ కాస్తా సింగిలైంది. పదకొండుకు పురుషుల జట్టు కెప్టెన్‌కు తొడ కండరం పట్టేసిందని, రేపటికి తగ్గొచ్చు, తగ్గకపోనూవచ్చని కబురు. ఇంత ఉత్కంఠకు నాలుగు కాలమ్‌లైనా ఇవ్వకపోతే ఎలా? కాలి బొమ్మ వేసి, కండరం ఎక్కడుంటుందో బాణం గుర్తు కూడా పెట్టించాను. ఐటెంని కిందినుంచి కోసుకుంటూ రావడం డెస్క్ ధర్మం. కోయగా కోయగా గోల్ కొట్టిన అమ్మాయి పేరు పోయింది, ఆ తర్వాత స్కోరు పోయింది. చివరికి ‘మహిళల ఫైనల్ ముగిసింది’ అన్న వాక్యం మిగిలింది. వార్త వేయలేదని మాత్రం ఎవరూ అనలేరు.

అయినా మా వృత్తి ఆడవాళ్ల ఆటలను పట్టించుకోలేదనడం చరిత్ర తెలియనివాళ్ల మాట. 1928 ఆమ్‌స్టర్‌డామ్ ఒలింపిక్స్‌లో మహిళల 800 మీటర్ల ఫైనల్ సంగతే తీసుకోండి. పరుగెత్తింది తొమ్మిది మంది, తొమ్మిది మందీ గీత దాటారు. మా పూర్వీకుడొకాయన మాత్రం పదకొండు మంది పరుగెత్తారని, ఐదుగురు మధ్యలో మానేశారని, మరో ఐదుగురు గీత దాటాక కుప్పకూలారని రాశాడు. లేని ఇద్దరిని కూడా ట్రాక్ ఎక్కించాడు చూశారా, అదీ ఉదారత! ఇలాంటి వార్తలతో పెద్దలకు టెన్షన్ పుట్టి ఆ పరుగునే ఎత్తేశారు. మళ్లీ 1960 ఒలింపిక్స్‌లో గానీ అది కనపడలేదు. రాసిన నాలుగు ముక్కలు ముప్పై రెండేళ్లు పనిచేశాయి. మగవాళ్ల ఏ పరుగుకు దక్కింది ఇంత కవరేజి?

‘జనం చూడరమ్మా’ అని ఆవిడకు ఎన్నోసార్లు నచ్చజెప్పాను. వింటేనా! ప్రతిసారీ ఒక జిరాక్స్ కాగితం తెచ్చి నా బల్ల మీద పెట్టేవారు. 1920 డిసెంబరులో లివర్‌పూల్‌లో ఆడవాళ్ల ఫుట్‌బాల్ మ్యాచ్‌కు 53,000 మంది వచ్చారని అందులో ఉంటుంది. వచ్చారు, నేను కాదన్నానా? అందుకే కదా మరుసటేడాదే ఇంగ్లండ్ ఫుట్‌బాల్ సంఘం తన క్లబ్బుల మైదానాల్లో ఆడవాళ్లను ఆడనివ్వద్దని తీర్మానించింది! జనం చూడరని పెద్దలు ఒక సిద్ధాంతం చేసి పెట్టుకుంటే, జనమే వెళ్లి దాన్ని పాడుచేస్తే ఎలా? సుమారు యాభై ఏళ్లు గేటుకు తాళం వేసి ఉంచారు. తీశాక చూస్తే లోపల జనం లేరు. నేను మొదటినుంచీ చెబుతున్నది అదే.

2022లో బార్సిలోనాలో మహిళల మ్యాచ్‌కు 91,648 మంది వచ్చిన రాత్రి ఆవిడ ఏమీ మాట్లాడలేదు. ఊరికే వచ్చి నా బల్ల పక్కన నిలబడ్డారు. నేనూ బెట్టు చేయకుండా ప్రేక్షకుల ఫొటో వేయించాను. ఆడినవాళ్ల ఫొటో కూడా ఉంటే బాగుండేదన్నారు. కాస్త చోటిస్తే అల్లుకుపోయే తత్వం అంటే ఇదే.

ఆవిడకున్న అసలు లోపం అక్షరాల లెక్క తెలియకపోవడం. 2010లో సచిన్ వన్డేల్లో 200 కొట్టిన రాత్రి ‘ప్రపంచంలో తొలి డబుల్ సెంచరీ’ అని బ్యానర్ కట్టాం. పరుగెత్తుకుంటూ వచ్చారు. పన్నెండేళ్ల ముందే, 1997లో, ఆస్ట్రేలియా మహిళల జట్టు కెప్టెన్ బెలిండా క్లార్క్ డెన్మార్క్ మీద 229 కొట్టి నాటౌట్‌గా నిలిచిందట. ‘పురుషుల’ అని చేర్చమంటారు. నాలుగక్షరాలు! బ్యానర్‌లో నాలుగక్షరాలు ఇరికించడమంటే మాటలా? ‘మహిళల’ కూడా నాలుగే అనుకోండి. అయినా అదెందుకో ఏ హెడ్డింగులోనైనా ఇట్టే ఇమిడిపోతుంది. ఇందులో వివక్ష వెతికేవాళ్లు ఒక్క రాత్రి పేజీ పెట్టి చూడాలి. 2017 వింబుల్డన్‌లో ఎవరో విలేఖరి అమెరికా నుంచి ఫలానావాడే 2009 తర్వాత సెమీస్ చేరిన తొలి ఆటగాడనబోతే, ఆండీ ముర్రే అడ్డొచ్చి ‘మగ ఆటగాడు’ అని సరిదిద్దాడు. బంతి కొట్టుకునేవాడు, కాలమ్ వెడల్పు అతనికేం తెలుసు!

పురోగతి లేదా అంటే, ఉంది. అమెరికాలో పరిశోధకులు దశాబ్దాలుగా టీవీ స్పోర్ట్స్ న్యూస్ ముందు కూర్చుని లెక్క కట్టారు. మహిళల ఆటలకు దక్కిన సమయం 1989లో 5 శాతం, 2019లో 5.4 శాతం. ముప్పై ఏళ్లలో 0.4 పెరిగింది కదా! నేను క్యాలిక్యులేటర్ తీసి చూశాను. ఇదే ఊపు కొనసాగితే 5364వ సంవత్సరానికల్లా సరిగ్గా సగం వచ్చేస్తుంది. ఆ మాట చెబితే సంతోషిస్తారనుకున్నాను. కళ్లజోడు తుడుచుకుంటూ వెళ్లిపోయారు.

ఇక మార్చి 8 ఉండనే ఉంది. ఆ రోజు పేజీ మొత్తం ఆవిడదే. గులాబీ బోర్డరు, ‘పడతులు కాదు, పిడుగులు’ అని హెడ్డింగు. జనవరిలోనే రెడీ చేసి పెట్టేవాళ్లం. ఒకసారి పాత ఏడాది పేజీనే తేదీ మార్చి వేసేశాం. ఫొటోలో ఉన్న ముగ్గురిలో ఇద్దరు ఆట మానేశారని ఆవిడే పట్టుకున్నారు. పాఠకులెవరూ ఫోన్ చేయలేదని నేను గుర్తుచేశాను.

వీడ్కోలు సభలో ఏమివ్వాలని అందరం ఆలోచించాం. ఆవిడ కెరీర్‌లో బైలైన్‌తో, అంటే రాసినవారి పేరుతో, వచ్చిన అతి పెద్ద ఐటెం వెతికి, ఆ పేజీకి ఫ్రేమ్ కట్టించాం. పేజీ పెద్దది, ఫ్రేమ్ చిన్నది. కట్టేవాడికి మన విషయాలు తెలియవు కదా, కింద ఉన్న సబ్బు యాడ్ రంగుల్లో కళ్లకు కొట్టొచ్చినట్టు ఉందని దాన్ని మధ్యకు తెచ్చి, వార్తను వెనక్కి మడిచేశాడు. సభలో కాగితం విప్పేదాకా మేమూ చూసుకోలేదు. ఆవిడ ఫ్రేమ్‌ను అటూ ఇటూ తిప్పి చూసి, చాలాసేపు నవ్వారు. నాకు ధైర్యం వచ్చి నేనూ నవ్వాను. అప్పుడే ఎందుకో ఆవిడ ఆపేశారు.