ఆర్కే బీచ్ ఇసుకను శబ్దం పట్టి ఉంచగలదా?

శబ్దంతో పదార్థాన్ని కదిలించి కోరిన రూపంలో నిలబెట్టే యంత్రాలు రేపో మాపో వస్తాయని, తీరాలను కూడా వాటితో మలచుకోవచ్చని ఊహలు జోరుగా సాగుతున్నాయి. అలాంటి యంత్రం అవసరం విశాఖకు ఉన్నంతగా మరో ఊరికి ఉండదేమో. తీరం వెంట ఉత్తరానికి సాగే ఇసుకకు ఔటర్ హార్బర్ బ్రేక్‌వాటర్లు, అంటే అలలను ఆపే రాతి కట్టలు, అడ్డుపడుతున్నాయి. ఆ ఇసుక అందక కోస్టల్ బ్యాటరీ, ఆర్కే బీచ్ వైపు ఒడ్డు కోసుకుపోతోంది. సముద్రం అడుగు ఇసుకను తోడే డ్రెడ్జర్ ఓడతో తెచ్చి పోసిన ఇసుకనూ కెరటాలు పట్టుకుపోతున్నాయి. పోసినదాన్ని శబ్దంతోనే పట్టి ఉంచే ‘ధ్వని కంచె’ ఒకటి వచ్చిందనుకుందాం. అది పనిచేస్తుందా? నా లెక్క ప్రకారం బీచ్‌లో పనిచేయదు.

సూత్రంలో లోపం లేదు. 2017లో బ్రిస్టల్ యూనివర్సిటీ పరిశోధకులు కరెంటును ధ్వనిగా మార్చే 72 చిన్న ట్రాన్స్‌డ్యూసర్లతో నీటి బొట్లను గాలిలో తేలించారు. 40 కిలోహెర్ట్జ్ దగ్గర తరంగదైర్ఘ్యం సుమారు 8.6 మిల్లీమీటర్లు. ఎదురెదురు తరంగాలు కలిసి స్థిర తరంగం ఏర్పడితే ప్రతి 4.3 మిల్లీమీటర్లకూ పీడనం మారని ఒక బిందువు ఉంటుంది, వస్తువు నిలిచేది అక్కడే. ఒకటి రెండు ట్రాన్స్‌డ్యూసర్లకు ప్లస్, మైనస్ తిరగబడినా పట్టు సడలుతుంది. వోల్టేజీ ఎక్కువైతే బొట్టు చిట్లుతుంది. ఫ్యాన్ గాలి తగిలితే మొదటికే మోసం.

ఇక సముద్రానికి వద్దాం. పది మీటర్ల ఎడంతో ఎదురెదురుగా రెండు ప్యానెళ్లు, వాటి నిండా కరెంటు ఇస్తే కంపించే పీజడ్‌టీ సెరామిక్ పలకలు (రెండు మిల్లీమీటర్ల మందం), పౌనఃపున్యం 1 మెగాహెర్ట్జ్ అనుకుందాం. నీటిలో ధ్వని వేగం సెకనుకు సుమారు 1,540 మీటర్లు కాబట్టి బిందువుల మధ్య దూరం 0.77 మిల్లీమీటర్లు. 0.3 మిల్లీమీటర్ల ఇసుక రేణువు అందులో చక్కగా ఇముడుతుంది. నిలకడ నీటిలో ఆ రేణువు బరువు మోయడానికి సుమారు ఒకటిన్నర అట్మాస్ఫియర్ల ధ్వని పీడనం చాలు. అంటే రెండు వైపులా కలిపి చదరపు మీటరుకు మూడున్నర కిలోవాట్లు. ఇంతవరకు ఆశాజనకమే.

కానీ బీచ్‌లో నీరు నిలకడగా ఉండదు కదా. కెరటం విరిగేచోట నీరు సెకనుకు మీటరు వేగంతో కొడితే, రేణువు మీద పడే ఈడ్పు దాని మునిగిన బరువుకు దాదాపు వంద రెట్లు. పట్టు బలం శక్తికి అనులోమం కనుక కరెంటూ వంద రెట్లు కావాలి. కిలోమీటరు పొడవు, మీటరు ఎత్తు కంచెకు 350 మెగావాట్ల ధ్వని. పలకలు కరెంటులో సగాన్నే ధ్వనిగా మారుస్తాయనుకుంటే 700 మెగావాట్ల కరెంటు. పరవాడ దగ్గరి సింహాద్రి విద్యుత్ ప్లాంటులో ఒక్కో యూనిట్ సామర్థ్యం 500 మెగావాట్లు. ఒక కిలోమీటరు ఇసుక కోసం దాదాపు ఒకటిన్నర యూనిట్ రాత్రింబవళ్లు తిప్పాలన్నమాట! పైగా 1 మెగాహెర్ట్జ్ ధ్వని ఉప్పునీటిలో పది మీటర్లు పోయేసరికి సగానికి తగ్గుతుంది. ఆ నష్టాన్ని ఇందులో కలపనే లేదు.

నష్టం తగ్గాలంటే పౌనఃపున్యం తగ్గించాలి. 20 కిలోహెర్ట్జ్‌కు దిగితే ధ్వని దూరం పోతుంది, కానీ అదే శక్తికి రేణువు మీద బలం 50 రెట్లు పడిపోతుంది. దాన్ని పూడ్చడానికి పీడనం పెంచితే, కావలసిన స్థాయికి చేరకముందే కావిటేషన్ మొదలవుతుంది. నీటిలో బుడగలు పుట్టి పేలిపోతూ పలకల పైపూతను కొరికేస్తాయి. ఓడ ప్రొపెల్లర్లు చూసేవాళ్లకు ఆ గుంతలు కొత్తేమీ కాదు.

అన్నిటికన్నా పెద్ద శత్రువు నురగ. విరిగిన కెరటంలోని గాలి బుడగలు ధ్వనిని చెదరగొట్టి మింగేస్తాయి. అంటే కంచె అవసరం ఎక్కడ ఎక్కువో అక్కడే ధ్వని అవతలికి చేరదు. నీటి ఉష్ణోగ్రత ఒక్క డిగ్రీ మారినా పది మీటర్ల దారిలో లెక్క తొమ్మిది తరంగదైర్ఘ్యాల మేర తప్పుతుంది, ఫేజ్‌ను, అంటే తరంగాలు ఊగే అదనును, నిమిషనిమిషానికీ సరిచేయాలి. పలకల మీద పట్టే పాచి, పెంకుల సంగతి సరేసరి. డెమోలన్నీ గాజు తొట్టెల్లో ఎందుకు చేస్తారో వేరే చెప్పక్కర్లేదు.

శబ్దం నిజంగా పదార్థాన్ని మారుస్తున్నది చిన్న, నిశ్చలమైన చోట్లలో. 1,024 ట్రాన్స్‌డ్యూసర్ల హెల్మెట్‌తో పుర్రె తెరవకుండానే మెదడులో చిన్న బిందువును వేడిచేసి చేతివణుకు తగ్గించే చికిత్సకు 2016లోనే అమెరికాలో అనుమతి వచ్చింది. 2025లో అమెరికాలోని కాల్టెక్ విద్యాసంస్థ పరిశోధకులు అల్ట్రాసౌండ్‌తో జంతువుల శరీరం లోపలే జెల్‌ను గట్టిపరిచి ఆకారాలు ముద్రించారు. విశాఖ పెట్టుబడి పెట్టదలిస్తే ఆ దారి మేలు. సముద్రంలో శబ్దానికి తగిన పని ప్రతిధ్వనితో సముద్రపు అడుగును కొలిచే మల్టీబీమ్ ఎకోసౌండర్‌తో ఇసుక ఎటు పోతోందో నెలనెలా కొలవడం. పోయాల్సిన చోటు, అదను దాన్ని బట్టి తేలతాయి.

అయినా ఎవరో ఒకరు ప్రయోగాత్మక కంచె ప్రతిపాదనతో వస్తారు. అప్పుడు మన శబ్ద కాలుష్య నియమాలు దాన్ని అడ్డుకోలేవు. 2000 నాటి శబ్ద కాలుష్య నియమాల్లో నివాస ప్రాంతాలకు పగలు 55, రాత్రి 45 డెసిబెళ్ల పరిమితి ఉంది. అది గాలిలోని శబ్దానికి, మనిషి చెవికి వినిపించే మేరకే వర్తిస్తుంది. నీటి అడుగున మోగేది, 20 కిలోహెర్ట్జ్ దాటినది దాని లెక్కలోకే రావు. చేపల్లో చాలావాటికి ఒంట్లో గాలితిత్తి ఉంటుంది, పీడన తరంగం మొదట తాకేది దాన్నే. కాబట్టి జాలరిపేట ముందు ఒక్క ప్యానెల్ దించాలన్నా టెండరులోనే మూడు షరతులు ఉండాలి: 50, 200, 1,000 మీటర్ల దగ్గర హైడ్రోఫోన్‌తో (నీటి అడుగు మైకుతో) కొలిచిన పీడనం పాస్కళ్లలో బయటపెట్టాలి, వేట సమయంలో ఆపేయాలి, వల ఖాళీగా వస్తే పరిహారం ఎవరిస్తారో ముందే రాయాలి.