పద్దుల్లో కనిపించని అప్పు పెండింగ్ బిల్లు

రోడ్డు వేశారు. ఇంజినీరు కొలతలు తీసి ఎంబీలో, అంటే కొలతల పుస్తకంలో రాశారు, పై అధికారి వాటిని సరిచూసే చెక్ మెజర్‌మెంట్ అయింది, బిల్లు ఆన్‌లైన్‌లో ఎక్కి చెల్లింపు వరుసకు టోకెన్ నంబరు కూడా వచ్చింది. డబ్బు మాత్రం రాదు. తెలుగు రాష్ట్రాలు రెండింట్లోనూ చిన్న కాంట్రాక్టర్లకు ఇది మామూలైపోయింది. ప్రభుత్వాలు మారినా తీరు మారలేదు. ఏపీలో 2019కి ముందు చేసిన ఉపాధి హామీ పనుల బిల్లులు అధికారం చేతులు మారాక ఆగిపోతే, 12 శాతం వడ్డీతో ఇవ్వాలని 2021లో హైకోర్టు చెప్పాల్సి వచ్చింది. తెలంగాణలో 2024 ఫిబ్రవరి నాటికి పదవీకాలం ముగిసిన సర్పంచులు, అప్పు తెచ్చి చేయించిన పనుల బిల్లుల కోసం మాజీలయ్యాక కూడా రోడ్డెక్కారు. 2025 మార్చిలో చిన్న కాంట్రాక్టర్లు ఏకంగా సచివాలయంలోనే ధర్నాకు కూర్చున్నారు.

దీనికి ఎప్పుడూ వినిపించే జవాబు నిధుల కొరత. కొరత నిజమే కావచ్చు. కానీ ఎంత కొరత ఉన్నా మార్కెట్లో తెచ్చిన అప్పుల వడ్డీ ఆగదు, ఆపితే రేపు అప్పు పుట్టదు కాబట్టి. కాంట్రాక్టర్ బిల్లు ఆపితే అలాంటి భయమేమీ లేదు. పైగా మన ప్రభుత్వాల లెక్కలు నగదు పద్ధతిలో నడుస్తాయి. డబ్బు ఖజానా దాటినప్పుడే ఖర్చు. ఈ ఏడాది పూర్తయిన పని బిల్లు వచ్చే ఏడాదికి వాయిదా పడితే, ఈ ఏడాది లోటు ఆ మేరకు తక్కువగా కనిపిస్తుంది. అంటే ప్రభుత్వం అడగకుండా, వడ్డీ లేకుండా, అప్పుల ఖాతాలో రాయకుండా కాంట్రాక్టర్ దగ్గర అప్పు తీసుకున్నట్టే.

ప్రభుత్వం కట్టని ఆ వడ్డీ ఎవరు కడుతున్నారో లెక్క వేసి చూడండి. 20 లక్షల పని అనుకుందాం. అంచనాల్లో ఓవర్‌హెడ్లు (నిర్వహణ ఖర్చులు), లాభం కలిపి చూపేది సుమారు 14 శాతం, అంటే 2.8 లక్షలు. బయట రెండు రూపాయల వడ్డీకి 20 లక్షలు తెస్తే ఏడాదికి 4.8 లక్షలు అవుతుంది. బిల్లు ఏడు నెలలు ఆగితే చాలు, ఆ 2.8 లక్షలూ వడ్డీకే చెల్లు. స్టీలు షాపువాడు, కూలీల మేస్త్రీ మాత్రం ఆగరు. ఈ దెబ్బలన్నీ తిన్నవాడు తర్వాతి టెండర్‌లో ఆలస్యాన్ని కూడా కలిపి రేటు వేస్తాడు, లేదా పనిలో కోత పెడతాడు, లేదా అసలు టెండరే వేయడు. పిలిచిన పనికి ఒక్కరూ రాలేదని అధికారులు తలపట్టుకోవడం వెనుక సగం కథ ఇదే.

చట్టం ఏమీ చేయదా? చిన్న, మధ్యతరహా సంస్థల కోసం తెచ్చిన 2006 నాటి ఎంఎస్ఎంఈ చట్టం చెల్లింపుకు 45 రోజుల గడువు పెట్టి, దాటితే బ్యాంకు రేటుకు మూడు రెట్లు చక్రవడ్డీ కట్టమంటుంది. వినడానికి బాగానే ఉంటుంది. కానీ నిర్మాణ పనుల కాంట్రాక్టులు దీని కిందికి రావని పలు హైకోర్టు తీర్పులున్నాయి. పని నడుస్తుండగా పెట్టే రన్నింగ్ బిల్లులో కనీసం 75 శాతం పది పనిదినాల్లో ఇచ్చేయాలని కేంద్ర ఆర్థిక శాఖ 2021 అక్టోబరులో సూచించింది. అది కేంద్ర శాఖలకు, రాష్ట్రాలను కట్టిపడేయదు. ఇక మిగిలింది కోర్టు. శాఖతో గొడవెందుకు, మళ్లీ పని ఇవ్వరేమో అని ఆలోచిస్తూ కూర్చుంటే, బాకీ ఉన్నట్టు శాఖ రాసిచ్చిన కాగితం లేకపోతే, దావాకు ఉన్న మూడేళ్ల గడువు కాస్తా దాటిపోతుంది.

కాంట్రాక్టర్లంతా పుణ్యాత్ములని ఎవరూ అనడం లేదు. నాసిరకం పనికి కోత వేయాల్సిందే, అయితే కొలతల దగ్గరే వేయాలి. ఎంబీ అయి టోకెన్ పడ్డాక ఆపడానికి నాణ్యత సాకు కాదు.

నన్నడిగితే అసలు సమస్య డబ్బు తక్కువ కావడం కంటే, ఉన్న డబ్బు ముందు ఎవరికి ఇవ్వాలన్నది ఎవరికీ కనబడకుండా తేలడం. పైరవీలు, పర్సంటేజీల ఆరోపణలు పుట్టేది అక్కడే. టోకెన్ నంబరు, తేదీ, శాఖ, మొత్తం ఇప్పటికే సాఫ్ట్‌వేర్‌లో ఉన్నాయి. ఆ జాబితాను జనం చూసేలా తెరవాలి. వరుస తప్పించి ఎవరికైనా ఇస్తే కారణం పక్కనే రాయాలి. గడువు దాటిన బిల్లుకు వడ్డీ దానంతటదే పడాలి, ఆ వడ్డీకి బడ్జెట్‌లో విడిగా ఒక పద్దు ఉండాలి. శాసనసభలో ఆ పద్దు ఎందుకు పెరిగిందో మంత్రి చెప్పాల్సి వస్తే, పాత టోకెన్లను ఎంతకాలం ఆపాలన్న లెక్క ఆర్థిక శాఖ కూడా వేసుకుంటుంది.